ముక్కు పడిన కూర

మోమిజి అనే తొలిచూలు పెయ్య చచ్చిపడి ఉన్న చోట నేలంతా గిట్టలతో దున్నినట్టుంది. దానికి నాలుగడుగుల దూరంలో ఇంకొక పెయ్య కాళ్ళు ఎడంగా పెట్టుకుని వణుకుతూ నిలబడింది. మూతి నుంచి జొల్లు తాడులా వేలాడుతోంది. కయానో కంచె ఇవతలే ఆగిపోయింది. పదిహేనేళ్ళుగా పశువుల మధ్యే పెరిగిన పిల్లకి చావు కొత్త కాదు. కానీ నిన్న సాయంత్రం తన చేతిని నాకిన నాలుక ఇవాళ పళ్ళ మధ్య నల్లబడి ఉండటం ఆమె చూడలేకపోయింది.

పశువుల డాక్టరు హిరానుమ మోకాళ్ళ మీద కూర్చుని, చచ్చిన పెయ్య బుగ్గలోంచి నమిలిన ఆకు బయటికి తీసింది. చేతి తొడుగు మీదే నలిపి వాసన చూసి, చటుక్కున ముఖం పక్కకి తిప్పుకుంది.

"ఇలా రా అమ్మాయ్. ముట్టుకోకు, వాసన మాత్రం చూసి చెప్పు."

కయానో భయంభయంగా వంగింది. "ఎలుక... దాణా కొట్లో ఎలుకలు ఉచ్చ పోసే మూల ఉంటుంది చూడండి, అలా."

"అదే. విషక్యారెట్." డాక్టరు కంచె మూలలో మిగిలిన ఆకుల్లోంచి ఒక కాడ ఏరింది. "కాడ చూశావా, ఎంత నున్నగా ఉందో. నూగు అనేదే లేదు. లోపల డొల్ల. ఇవిగో ఊదా మచ్చలు, సిరా చిలకరించినట్టు. మీరు తినే షాకు కూరకి కాడ మీద నూగుంటుంది, ఈ మచ్చలుండవు. ఆకు మాత్రం రెంటిదీ ఒకటే పోలిక. లేతప్పుడు మచ్చలు కాడ అడుగునే ఉంటాయి. పైకి కోస్తే ఆ గుర్తూ పోతుంది. అప్పుడిక ముక్కే దిక్కు."

ముక్కు అనగానే అందరూ షిగెనో వైపు చూశారు.

షిగెనో కయానోకి బామ్మ. హొక్కయిడోలో, చిరుబెత్సు అనే ఆ పాలవాళ్ళ పల్లెలో, మంచు కరిగి గట్లు పచ్చబడగానే ఆడవాళ్ళంతా కొడవళ్ళు పట్టుకుని అడవి కూరలకి బయల్దేరతారు. ఎవరు ఎక్కడ కోస్తారో ఎవరూ చెప్పరు. అత్త కోడలికి కూడా చెప్పదు. కానీ కోసినదాన్ని మాత్రం అందరూ షిగెనో గుమ్మానికే తెస్తారు. ఆమె కళ్ళు మూసుకుని, ఆకు నలిపి, మూడుసార్లు ఊపిరి పీల్చి 'ఊఁ' అంటేనే ఆ కూర పొయ్యెక్కుతుంది. పిల్లలు గిన్నెలో చెయ్యి పెట్టబోతే తల్లులు "ముక్కు పడిందా?" అని అరుస్తారు. యాభై ఏళ్ళలో ఆ ఊళ్ళో ఒక్కరికీ కడుపు నొప్పి వచ్చింది లేదు. షిగెనోకి ఇంకో అలవాటు కూడా ఉంది. ఏటా మొదటి షాకు మోపు తొలిచూలు పెయ్యలకి వేస్తుంది. పాలు బాగా దిగుతాయని ఆమె అత్తగారు నేర్పిందట.

"నిన్న మధ్యాహ్నం ఆ మోపు వేసింది నేనే" అంది షిగెనో. "షాకే వేశాను. వాసన చూసి మరీ వేశాను."

కయానో తండ్రి మసనారికి ఆ మాట చాలింది. అమ్మ ముక్కు తప్పదు. తప్పనప్పుడు ఆ మోపులోకి విషం ఎలా వచ్చింది? "ఎవరో తెచ్చి కలిపారు" అన్నాడు.

"ఎవరో ఎవరో అంటావేంరా, వాడి పేరుకి ముల్లేమైనా ఉందా?" అంది షిగెనో. "కాలవ అవతలి నగోయా వాడు."

నగోయా నగరం నుంచి వచ్చిన ఆ మనిషి పేరు ఉత్సుమి. మూడేళ్ళ క్రితం పాడుబడ్డ ఇల్లొకటి కొనుక్కుని ఒక్కడే వచ్చాడు. ఊరి సంఘం మీటింగుకి వచ్చిన మొదటిరోజే చెయ్యెత్తి, పొలాల్లో పేడనీళ్ళు ఆదివారం పూట చల్లకుండా ఉంటే బాగుంటుందేమో అన్నాడు. ఆ తరవాత మీటింగుల్లో అతని పక్క కుర్చీ ఎప్పుడూ ఖాళీయే.

"నిన్న పొద్దున కూడా కొడవలి పట్టుకుని మన గట్టు మీద వంగి ఉన్నాడు. తెల్ల గ్లవుజులేసుకుని!" అన్నాడు మసనారి. "కూరకి వెళ్ళేవాడికి గ్లవుజులెందుకు?"

"నేను విషం పేరు చెప్పగలను గానీ మనిషి పేరు చెప్పలేను" అంది హిరానుమ చేతులు కడుక్కుంటూ. "ముందు మీ గట్టున ఏం మొలిచిందో చూసుకోండి. దాన్ని పూతకి రాకముందే దుంపతో సహా తవ్వెయ్యాలి. రేపు మధ్యాహ్నం నేనొస్తాను, ఊళ్ళో అందరినీ పిలవండి. ఈ రెండోది బతుకుతుంది. దాని కడుపులో దూడ సంగతి మాత్రం నన్నడక్కండి. కాళ్ళు వంకరగా పుట్టినా పుట్టొచ్చు."

మసనారి విన్నాడో లేదో. అతని చూపంతా కాలవ అవతలే ఉంది.

కయానోకి మాత్రం మనసులో ఎక్కడో చిన్న ముల్లు గుచ్చుకుంది. నెల క్రితం స్టవ్ మీద పాలు మాడి వంటిల్లంతా కమురు కంపు కొడుతుంటే, బామ్మ ఆ పక్కనే నిలబడి తీరిగ్గా ముల్లంగి తరుగుతోంది. అడిగితే "ఏదో ఆలోచనలో పడ్డానే" అంది. అప్పుడు కయానో నమ్మింది. ఇప్పుడా సంగతి ఎందుకు గుర్తొచ్చిందో, రాకుండా ఉంటే బాగుండు అనుకుంది.

బడి నుంచి తిరిగొచ్చేసరికి తండ్రి పోలీసు చౌకీకి వెళ్ళాడు. కయానో అక్క పురుడికని తల్లి సప్పొరోలో ఉంది. ఇంట్లో బామ్మ ఒక్కతే. కయానో బూట్లు విప్పుతుండగానే గుమ్మం బయట దగ్గు వినిపించింది.

ఉత్సుమి. చేతిలో న్యూస్‌పేపరు చుట్టిన కట్ట.

"నమస్కారం షిగెనో గారూ. మూడేళ్ళుగా చూస్తున్నాను, ఊళ్ళో అందరూ మీకు చూపించాకే తింటారు. నేనూ ఒకసారి చూపిద్దామని... నిన్న కోశాను. మీ గట్టు కింద. మీ చోటయితే చెప్పండి, ఇంకెప్పుడూ కొయ్యను."

పెయ్య చచ్చిన సంగతి అతనికి ఎవరూ చెప్పినట్టు లేదు. లేకపోతే తెలిసే వచ్చాడా? కయానో టీ పెట్టే వంకతో అతని ముఖంలోకి చూసింది. మెడ మీద దోమకాటు, చెవుల దాకా ఎర్రబడిన సిగ్గు. సభలో మాట్లాడాల్సి వస్తే తనకూ చెవులు అలాగే ఎర్రబడతాయి.

షిగెనో కట్ట విప్పింది. లేత ఆకులు, కాడలు పై నుంచి పొట్టిగా కోసి ఉన్నాయి. ఆమె వెంటనే వాసన చూడలేదు. ముందు ఉత్సుమిని చూసింది, చాలాసేపు. పొద్దున బియ్యం కడుగుతూ ఆమె అన్న మాట కయానోకి చెవిలో మోగింది: 'నోరులేని దాన్ని చంపినవాడి గొంతులో ముద్ద దిగకూడదు.' ఇప్పుడా బామ్మే కళ్ళు మూసుకుంది. ఆకు నలిపింది. ఒకటి, రెండు, మూడు.

"షాకే" అంది. "లేతది దొరికింది నీకు. ఉడికించి నువ్వుల పొడి కలుపుకుని తిను."

"ఎంతసేపు ఉడికించాలండీ?"

"ఒక్క పొంగు చాలు. ఎక్కువ ఉడికితే దాని రుచంతా నీళ్ళపాలు."

ఉత్సుమి వంగి వంగి దణ్ణాలు పెట్టాడు. వెళ్తూ వెళ్తూ గుమ్మం దగ్గర మళ్ళీ ఒకటి పెట్టాడు. ఆ వంగడంలో కట్టలోంచి ఒక రెమ్మ మెట్టు మీద రాలింది.

కయానో అతను కాలవ వంతెన దాటేదాకా ఆగి, చేతిరుమాలుతో దాన్ని తీసుకుంది. కోసిన చివర నువ్వుగింజంత మచ్చ. మట్టి కావచ్చు. గోటితో గీకింది, పోలేదు. రుమాలులోనే నలిపి ముక్కు దగ్గర పెట్టుకుంది.

దాణా కొట్టు మూల.

ఆమె మెట్టు మీదే కూర్చుండిపోయింది. బామ్మకి తెలియకుండా ఇచ్చిందా, తెలిసే ఇచ్చిందా? తెలియకపోతే, నిన్నటి మోపులో విషం ఎవరూ కలపలేదన్నమాట. తెలిసే ఇస్తే... కయానో ఆ ఆలోచన పూర్తి చెయ్యలేదు. ఈ రెండింట్లో ఏది నిజం కావాలని కోరుకోవాలో కూడా ఆమెకి తెలియలేదు.

వంటింట్లో బామ్మ ముల్లంగి కోరుతోంది. కయానో రుమాలు గుప్పిట్లో మూసి, ఆమె ముక్కు కింద పెట్టింది.

"బామ్మా, బడి వెనకాల మిత్సుబా ఆకు మొలిచింది. చూడు ఎంత ఘుమఘుమలాడుతోందో."

షిగెనో పీల్చింది. ముఖం విప్పారింది. "ఆహా! ఈ ఏటి మొదటి మిత్సుబా. పులుసు దించాక పైన వెయ్యవే, ముందే వేస్తే వాసన పోతుంది."

కయానో గుప్పిట తెరిచింది. షిగెనో ఆ ఆకుని చూసింది, మనవరాలి ముఖం చూసింది. కోరుతున్న చెయ్యి ఆగింది.

"ఎప్పటినుంచి బామ్మా?"

"ఏవిటే?"

"ముక్కు."

షిగెనో పులుసు కింద మంట తగ్గించింది.

"మొన్న చలికాలం జ్వరం వచ్చిందిగా" అంది షిగెనో చివరికి. "జ్వరం పోతూ పోతూ దీన్ని కూడా వెంట తీసుకుపోయింది. మెల్లిగా అదే వస్తుందిలే అనుకున్నాను."

"మరి పెయ్యలకి వేసిన మోపు?"

"కళ్ళతో చూసి కోశాను. ఆ గట్టున యాభై ఏళ్ళుగా షాకే మొలుస్తోంది. ఇంకోటి ఎక్కణ్ణుంచి వస్తుంది?"

"రోడ్డు వెడల్పు చేసినప్పుడు గట్టుకి ఎక్కడి మట్టో లారీల్లో తెచ్చి పోశారు కదా బామ్మా!"

షిగెనో కోరిన ముల్లంగిని పక్కకి నెట్టింది.

"ఇప్పుడు ఆయనకిచ్చింది?" కయానో అడిగింది. "తెలిసే తినమన్నావా?"

"నా గురించి అంత మాట అనుకున్నావా నువ్వు?"

"అనుకున్నాను" అంది కయానో. అని, ఏడుపు ఆపుకుంది.

ముసలామె చెయ్యి తుడుచుకుని ఫోను దగ్గరికి పరుగులాంటి నడక నడిచింది. గోడకి అంటించిన సంఘం కాగితంలో ఇరవై రెండు ఇళ్ళ నంబర్లున్నాయి. ఉత్సుమి పేరు అడుగున ఉంది. పక్కన నంబరు లేదు. మూడేళ్ళలో అడిగి రాసుకున్నవాళ్ళెవరూ లేరు.

కయానో అప్పటికే సైకిలెక్కింది. వెనకనుంచి బామ్మ కేక వినిపించింది: "ఒసేయ్! తినొద్దని చెప్పు, అంతే! ముక్కు సంగతి ఎత్తకే! ఇంకేదైనా చెప్పు!"

ఉత్సుమి ఇంటి ముందు తండ్రి బండి ఆగి ఉంది. తలుపు బార్లా తీసి ఉంది. గుమ్మంలో మసనారి పొలం బూట్లతోనే నిలబడి అరుస్తున్నాడు. లోపల ఉత్సుమి ఏప్రన్ కట్టుకుని, వంటకి వాడే పొడుగు పుల్లలు చేత్తో పట్టుకుని, బెదిరిపోయి చూస్తున్నాడు.

"పేడ కంపంటే పడదు నీకు, తెలుసు! అయితే మనిషితో పోట్లాడు! నోరులేనిదానికి విషం పెడతావా?"

"ఏ విషం? ఏ పెయ్య? నాకు మీరు చెప్పేది..."

"పోలీసాయన వచ్చి అడుగుతాడులే, అప్పుడు చెబుదువు!"

కయానో నోరు తెరిచింది. మాట రాలేదు. క్లాసులో లేచి నిలబడినప్పుడు ఎలా అవుతుందో అలాగే, గొంతులో ఏదో మూత పడిపోయింది. తండ్రి చంక కిందనుంచి దూరి, బూట్లు విప్పకుండానే లోపలికి వెళ్ళి, బల్ల మీదున్న గిన్నె తీసుకుని గుండెకి హత్తుకుంది. నువ్వుల పొడి కలిపిన పచ్చని కూర. ఇంకా వెచ్చగా ఉంది.

"కయానో! పరాయింట్లో ఏంటా పని?"

"తినకండి" అంది ఆమె. ఆ తరవాత మూత దానంతటదే ఊడిపోయింది. "ఇది షాకు కాదు. విషక్యారెట్. బామ్మకి వాసన తెలీదు. చలికాలం నుంచీ తెలీదు. పెయ్యలకి వేసింది కూడా ఇదే నాన్నా. ఎవరూ కలపలేదు."

"నోర్ముయ్. మీ బామ్మ ముక్కు తప్పదు."

"తప్పింది."

ఉత్సుమి చేతిలో పుల్లలు చిన్నగా చప్పుడు చేశాయి. "రుచి చూశాను" అన్నాడు. "ఉప్పు సరిపోయిందో లేదో అని. రెండు ముక్కలు. ఇందాకే." నాలుకతో పెదాలు తడుముకున్నాడు. "చిమచిమలాడుతుంటే నువ్వులు మాడాయేమో అనుకున్నాను."

మసనారి ముఖంలో రంగు పోయింది. "పదండి. బండెక్కండి."

ఉత్సుమి కదల్లేదు. తండ్రినీ కూతుర్నీ మార్చి మార్చి చూశాడు. "మీ అమ్మగారు తినమన్నారు. తిన్నాక మీరొచ్చి నేను మీ పెయ్యని చంపానన్నారు. ఇప్పుడు మీ బండెక్కమంటున్నారు. ఎక్కడికి తీసుకెళ్తారు నన్ను?"

కయానో గిన్నె మీద మూత పెట్టి, దాన్ని పట్టుకునే వెళ్ళి బండి మధ్య సీట్లో కూర్చుంది. అప్పుడు ఉత్సుమి వచ్చి ఆమె పక్కన ఎక్కాడు. పట్నం ఆసుపత్రి దాకా ముప్ఫై కిలోమీటర్లు. దారిలో అతని మోకాలు ఆగకుండా అదురుతుంటే, అది భయమో విషమో తెలియక, కయానో అతని ఊపిరి లెక్కపెడుతూ కూర్చుంది. డాక్టర్లు గిన్నెలో ఆకు చూసి, దీనికి విరుగుడు లేదు, ఊపిరి కనిపెట్టుకుని ఉండటమే అన్నారు. రాత్రంతా కనిపెట్టుకుని ఉన్నారు. అతను తిన్నది రెండు ముక్కలే కాబట్టి బతికాడు.

తెల్లారేసరికి ఊరంతా తెలిసింది. కానీ కయానో అనుకున్నట్టు తెలియలేదు. పాల డబ్బాల దగ్గర, పోస్టు పెట్టెల దగ్గర ఒకటే మాట. షిగెనో ముక్కు తప్పదు కదా? తప్పదు. అయితే మరి ఆ నగోయా వాడికి తినమని ఎందుకు చెప్పింది? పెయ్యని చంపాడని పగబట్టి చెప్పింది. పాపం, ఆమె బాధ ఆమెది.

"అమ్మా, పోలీసాయన మళ్ళీ వస్తాడు" అన్నాడు మసనారి అన్నం ముందు కూర్చుని. "ముక్కు పోయిందని చెప్పెయ్. ఇందులో సిగ్గేముంది?"

"హంతకురాలన్నా పడతానురా" అంది షిగెనో, "ముక్కు పోయినదాన్ననిపించుకోను. ఆ ముక్కు లేకపోతే ఈ గుమ్మం ఎవరు తొక్కుతారు?"

కయానో అన్నం ముట్టలేదు.

మధ్యాహ్నం గట్టు మీద ఇరవై మంది దాకా చేరారు. పొడుగు చేతుల చొక్కాలు, ముఖాలకి మాస్కులు. డాక్టరు హిరానుమ చెప్పుకుపోతోంది. గడ్డి కోసే మిషను వాడొద్దు, రసం చింది ముఖాన పడుతుంది. చేత్తో తవ్వండి. దుంప సగంలో తెగితే మళ్ళీ మొలుస్తుంది. తవ్వింది సంచిలో కట్టండి, తగలబెట్టొద్దు, పొగ కూడా మంచిది కాదు. గింజ నేలలో ఏళ్ళ తరబడి కూర్చుంటుంది, కాబట్టి వచ్చే ఏడూ రావాలి, ఆపైన కూడా రావాలి.

ఉత్సుమి ఆసుపత్రి నుంచి బస్సులో వచ్చి నేరుగా గట్టు చివర నిలబడ్డాడు. కాళ్ళలో ఇంకా బలం లేదు, కర్ర పట్టుకున్నాడు. జనం అతనికీ షిగెనోకీ మధ్య చాలా చోటు వదిలారు. కయానో అతనికి దణ్ణం పెట్టింది. అతను తలూపాడు గానీ చూపు ఆమె వెనకున్న ముసలామె మీదే ఉంది.

మూడో ఇంటి ఒరిబె ఒక మొక్క పెకలించి పైకెత్తింది. "అమ్మో, అచ్చం షాకే! నాకయితే తేడా తెలిసి చావదు. పోన్లే, మాకు షిగెనో పెద్దమ్మ ఉంది. మొన్న మా మూడు కట్టలకీ ముక్కు పడింది, ఫ్రిజ్‌లో గడ్డ కట్టించాను. ఎల్లుండి మనవలొస్తారు, వేయించి పెడతా."

"మావీ ఉన్నాయి" అంది ఇంకొకామె.

కయానో బామ్మ వైపు తిరిగింది. తాను చెప్పాలేమో. గొంతులో మూత పడుతోంది.

షిగెనో చేతిలోని పార గట్టున గుచ్చింది. మాస్కు కిందికి లాగింది.

"పారెయ్ ఒరిబే" అంది. "ఆ మూడు కట్టలూ పారెయ్. ఈ ఏడు నేను ఊఁ అన్నవన్నీ పారెయ్యండి. నాకు వాసన తెలీదు. మాడిన పాలు తెలీదు, పేడ తెలీదు, ఏదీ తెలీదు. మీరు తెస్తున్నారు కదాని ఊఁ అంటున్నాను."

ఒరిబె చేతిలోని మొక్క సంచిలో పడేసింది. తరవాత గ్లవుజులు లాగేసి, ఇంటి వైపు గబగబా నడిచింది. తరవాత ఇంకొకామె. తరవాత నలుగురు. పరుగెత్తడం లేదని ఎదుటివాళ్ళు అనుకోవాలన్నట్టు నడుస్తూనే పరుగెత్తారు. గట్టు మీద పారలు ఎక్కడివక్కడే నిలబడ్డాయి.

ఉత్సుమి కర్ర ఊతంగా దగ్గరికి వచ్చాడు.

"నిజంగానే తెలీదా, పోలీసుల కోసం అంటున్నారా?" అని అడిగాడు. "నమ్మమంటారా మిమ్మల్ని?"

మసనారి ఏదో అనబోయాడు. షిగెనో చెయ్యెత్తి ఆపింది. ఉత్సుమికి నడుము దాకా వంగి దణ్ణం పెట్టింది, లేవడానికి కయానో భుజం పట్టుకోవాల్సి వచ్చింది.

"నమ్మకు" అంది. "నన్నే కాదు, ఈ ఊళ్ళో ఎవరి ముక్కునీ నమ్మకు. కాడ చూడు, నూగు చూడు, మచ్చ చూడు, నీ ముక్కుతో నువ్వు వాసన చూడు. అప్పటికీ అనుమానం పోకపోతే తినకు. కాళ్ళు నిలదొక్కుకుంటే ఆ పార తీసుకో."

ఉత్సుమి కర్రని కంచెకి ఆనించి, తెల్ల గ్లవుజులు తొడుక్కుని, ఒరిబె వదిలిపోయిన పార తీసుకున్నాడు. ముసలామెకి ఐదారు అడుగులు ఎడంగా జరిగి, ఒక మొక్క ముందు మోకాళ్ళ మీద కూర్చున్నాడు. కాడని అటూ ఇటూ తిప్పి అడుగు దాకా చూశాడు. కయానోని పిలిచి ఆమెకి కూడా చూపించాడు.

"దుంప తెగకుండా తియ్యి" అంది షిగెనో.

"తెలుసు" అన్నాడు ఉత్సుమి, ఆమె వైపు చూడకుండా.